పిడుదుల మ్యూజియం నుంచి నాన్నగారికి

ప్రిటోరియా, దక్షిణాఫ్రికా

నాన్నగారికి నమస్కారాలు.

ఇక్కడ నేను క్షేమం. చలి మొదలైంది గానీ అమ్మ ఇచ్చిన రగ్గుతో సరిపోతోంది. ఈ సంగతంతా ఫోన్‌లో చెబితే సగం గాలికి పోతుంది, అందుకే కూర్చుని రాస్తున్నాను.

మా వెటర్నరీ కాలేజీ ఒండర్‌స్టెపోర్ట్‌లో ఉందని చెప్పాను కదా. అక్కడే రోడ్డుకు అవతల 1908 నుంచి పశువ్యాధుల పరిశోధన సంస్థ ఒకటుంది. అందులో పిడుదులకే ఒక మ్యూజియం ఉంది. అన్నీ చిన్న చిన్న గాజు సీసాలు, వాటిలో స్పిరిట్, స్పిరిట్‌లో పిడుదులు. ఒక్కో సీసాకీ ఒక చీటీ: ఏ జంతువు మీద దొరికింది, ఏ ఊళ్లో, ఏ తేదీన, ఎవరు ఏరారు. ఆ మ్యూజియానికి గెర్ట్రూడ్ థైలర్ పేరు పెట్టారు. ఆవిడ గురించే ఈ ఉత్తరం.

ఇంటిపేరు మీరు విన్నదే. మన గంగ పెయ్యకు పిడుదుల వల్ల వచ్చిన థైలేరియా జబ్బుకు ఆ పేరు ఆవిడ తండ్రి ఆర్నాల్డ్ థైలర్ నుంచే వచ్చింది. ఆయన స్విట్జర్లాండ్ నుంచి ఈ దేశం వచ్చిన కొత్తలోనే యంత్రంలో పడి ఒక చెయ్యి పోగొట్టుకున్నాడు. ఆ ఒంటిచేత్తోనే పశువైద్యం చేసి, ఈ సంస్థను నిలబెట్టాడు. గెర్ట్రూడ్ తమ్ముడు మాక్స్‌కు ఎల్లో ఫీవర్ టీకా మీద చేసిన పనికి 1951లో నోబెల్ బహుమతి వచ్చింది. అలాంటి ఇంట్లో 1897లో పుట్టిన గెర్ట్రూడ్‌ గురించి ఎక్కడ చదివినా ముందు తండ్రి, తర్వాత తమ్ముడు, ఆ తర్వాతే ఆవిడ. నాకది నచ్చదు.

స్విట్జర్లాండ్‌లో డాక్టరేట్ చేసింది. గుర్రాల పేగుల్లో ఉండే పురుగుల మీద పరిశోధన చేసింది. 1924లో తిరిగొచ్చాక చాలా ఏళ్లు స్కూళ్లలో, కాలేజీల్లో పాఠాలు చెప్పుకుంటూ ఉండిపోయింది. ఒండర్‌స్టెపోర్ట్‌లో అడుగుపెట్టేసరికి 1940 దగ్గరపడింది. ఆవిడకప్పటికి నలభై దాటాయి. తండ్రి 1936లోనే పోయాడు కాబట్టి ఆయన సిఫార్సు అనే మాటకు తావు లేదు. పిడుదుల సేకరణను అంతకుముందు చూసుకున్న బెడ్‌ఫోర్డ్ అనే ఆయన కూడా అప్పటికే చనిపోయాడు. ఆ సీసాలు ఆవిడ చేతికొచ్చాయి. 1967లో రిటైరయ్యేదాకా ఆవిడ లోకమంతా అవే.

పిడుదు పిడుదే కదా, ఏదైతేనేం, మందు కొడితే పోయేదానికి పేర్లెందుకు అని మన ఊళ్లో ఎవరైనా అంటారు. నేనూ ఇక్కడికొచ్చాకే దీని విలువ పూర్తిగా తెలుసుకున్నాను. 1896లో ఈ ప్రాంతానికి ముసర వ్యాధి వచ్చి మందలకు మందలే పోయాయి. ఆ తర్వాత ఇక్కడి డచ్చి సంతతి వాళ్లకీ బ్రిటిష్ వాళ్లకీ బోయర్ యుద్ధం. మళ్లీ పశువులు కావాలి కాబట్టి తూర్పు ఆఫ్రికా నుంచి తెప్పించారు. వాటితోపాటు ఈస్ట్ కోస్ట్ ఫీవర్ అనే కొత్త జబ్బు దిగింది. మొదట దాన్ని ఎర్రమూత్రం జబ్బనే అనుకున్నారు, ఎందుకంటే అదీ పిడుదుల వల్లే వస్తుంది, పశువూ అలాగే జ్వరంతో పడిపోతుంది. కానీ రెంటినీ మోసే పిడుదులు వేరు. ఎర్రమూత్రాన్ని మోసేది నీలం పిడుదు. అది పిల్లగా ఎక్కిన ఆవు మీదే పెరిగి, దాదాపు మూడు వారాలు అక్కడే ఉండి, నిండుగా తాగాకే రాలుతుంది. మూడు వారాలకోసారి పశువును మందు తొట్టిలో ముంచితే దొరికిపోతుంది. ఈస్ట్ కోస్ట్ ఫీవర్‌ను మోసేది చెవుల్లో పట్టే గోధుమరంగు పిడుదు. దాన్ని 1904లో లౌన్స్‌బరీ అనే కీటక శాస్త్రవేత్త నిరూపించాడు. అది పిల్లగా ఒక పశువు మీద, కాస్త పెరిగాక మరో దాని మీద, పెద్దదయ్యాక ఇంకో దాని మీద ఎక్కుతుంది. ఎక్కిన ప్రతిసారీ కొద్దిరోజులే తాగి దిగిపోయి గడ్డిలో కలిసిపోతుంది. మూడు వారాలకోసారి ముంచితే అది మధ్యలోనే వచ్చి వెళ్లిపోతుంది. అందుకే ఇక్కడి తూర్పు తీరంలోని నటాల్‌లో మూడు రోజులకోసారి ముంచే పద్ధతి పెట్టాల్సొచ్చింది. ఏ పిడుదో తెలియకపోతే ఎంత మందు పోసినా బూడిదలో పోసిన పన్నీరే.

ఇంకో మాట కూడా చెప్పాలి. ఆ మందు ఆర్సెనిక్ విషం. పశువుల్ని ముంచాలని నల్లజాతి రైతుల మీద పన్నులు, బలవంతం. 1914లో ఈస్ట్ గ్రికాలాండ్ అనే ప్రాంతంలో జనం తిరగబడి మందు తొట్లను పడగొట్టారు. జబ్బు 1950ల మధ్యకు ఈ దేశం నుంచి పోయింది, కానీ ఆ రైతుల కష్టం కూడా ఈ కథలో భాగమే. సీసాల్లోని పిడుదుల్ని ఆవుల ఒంటి మీద నుంచి ఏరిన చేతుల్లో చాలావాటికి చీటీ మీద పేరు దక్కి ఉండదు.

గెర్ట్రూడ్ చేసిన గొప్ప పని ఏమిటంటే, దేశం నలుమూలల నుంచీ వచ్చిన పిడుదుల్ని ఒక్కొక్కటీ మైక్రోస్కోప్ కింద పెట్టి, ఏ జాతి ఎక్కడ బతుకుతోందో పటాలు గీయడం. 1940ల చివరి నుంచి ఒండర్‌స్టెపోర్ట్ పత్రికలో ఇవి విడతలు విడతలుగా వచ్చాయి. నీలం పిడుదుకు ఒక భాగం, గోధుమరంగు పిడుదుకు ఇంకో భాగం. పటం మీద చుక్కలు పెట్టి ఊరుకోలేదు. అక్కడ వాన ఎంత, చలి ఎంత, పొదలున్నాయా లేక వట్టి గడ్డి నేలా అని పక్కన పెట్టి చూసింది. 1962లో సహారాకు దక్షిణాన ఉన్న ఆఫ్రికా మొత్తం పిడుదుల మీద పెద్ద నివేదిక రాసింది. ఏ జంతువు మీద ఏ పిడుదు ఉంటుందో అందులో ఉంది. దాన్ని పుస్తకంగా అచ్చు వేయలేదు, అయినా ఇప్పటికీ పరిశోధన వ్యాసాల్లో దాని ప్రస్తావన కనబడుతుంది.

ఈ పని ఎంత కష్టమో చేస్తేనే తెలుస్తుంది. గోధుమరంగు పిడుదుల్లోనే ఎన్నో జాతులున్నాయి, పైకి అన్నీ ఒకేలా ఉంటాయి. వీపు మీది గట్టి పెంకు మీద సన్నటి గుంటలుంటాయి. అవి ఒత్తుగా ఉన్నాయా, పలచగా ఉన్నాయా, వరసలో ఉన్నాయా అని చూడాలి. మగదాన్ని వెల్లకిలా తిప్పి మలద్వారం పక్కనున్న పలకల ఆకారం చూడాలి. ఊపిరి తీసుకునే రంధ్రం చుట్టూ ఉన్న పలక చూడాలి. లైటు కొంచెం పక్కకు జరిగితే గుంటలు కనబడవు. గసగసాలంత ఉండే పిల్ల పిడుదుల విషయం చెప్పక్కర్లేదు. ఆవిడ వాటినీ వదల్లేదు, ఏ పిల్ల ఏ జాతిదో వర్ణించి పెట్టింది.

ఒక గోధుమరంగు పిడుదుకు 1960లో ఫెల్డ్‌మన్-ముహ్సామ్ అనే జెరూసలేం శాస్త్రవేత్త గెర్ట్రూడ్ పేరు పెట్టింది. ఆవిడా స్త్రీయే. అయిదేళ్లకు ఇంకో ఇద్దరు శాస్త్రవేత్తలు మరో పిడుదుకు ఈ ముహ్సామ్ పేరు పెట్టారు. కెన్యా పిడుదుల మీద ఏళ్ల తరబడి పనిచేసి తర్వాత ఒండర్‌స్టెపోర్ట్‌కు వచ్చిన జేన్ వాకర్ పేరు కోళ్లను పట్టే పిడుదుకు ఉంది. ఆ పేర్లు వరసగా చదువుతుంటే నాకు ఒళ్లు పులకరించింది నాన్నా.

ఇక మన పాక సంగతి. మన దగ్గర థైలేరియాను మోసేది ఇక్కడి గోధుమరంగు పిడుదు కాదు, హయలోమా అనే వేరే జాతి. ఒంగోలు పశువు తట్టుకుంటుంది, జెర్సీ సంకరానికి ప్రాణం మీదికొస్తుంది. ఈ హయలోమా ఆవు మీద తాగి దిగి గోడ పగుళ్లలో, గాడి కింద సందుల్లో దాక్కుంటుంది. కాబట్టి ఆవుకు మందు కొట్టి ఊరుకుంటే చాలదు, పగుళ్లన్నీ సిమెంటుతో పూడ్పించండి. ఈసారి ఈనే దూడలకు టీకా గురించి కూడా డాక్టరుగారిని అడగండి. హైదరాబాద్‌లోనే తయారవుతుంది.

ఒక పని చేసి పెట్టండి. పిడుదుల్ని చేత్తో నలపకుండా, ముల్లు శ్రావణంతో చర్మానికి ఆనించి పట్టుకుని తల తెగకుండా లాగండి. తాగి ఆముదపు గింజలా ఉబ్బినవి ఒక్కటే కాదు, చిన్నవీ బక్కవీ కూడా కావాలి, మగవాటితోనే జాతి తేలిగ్గా తెలుస్తుంది. ఖాళీ ఇంజెక్షన్ సీసాలో స్పిరిట్ పోసి అందులో వేసి, ఏ పశువు, ఒంట్లో ఎక్కడ, ఏ తేదీ అని చీటీ రాసి లోపలే పెట్టి డాక్టరుగారికి ఇవ్వండి. చీటీ మాత్రం పెన్సిల్‌తోనే రాయండి, పెన్ను సిరా స్పిరిట్‌లో కరిగిపోతుంది.

అమ్మకు, నాయనమ్మకు నమస్కారాలు.

మీ అమ్మాయి