పలక కాచిన పెద్దాయన అడిగిన మాట

తిరుపతి

ప్రియమైన రమణకు,

ఎవరి పాట వారు యూట్యూబ్‌లో పెట్టుకుంటున్న ఈ రోజుల్లో, ఉద్యమ గీతాలకు దూరదర్శన్‌లో చోటు అడగడం దేనికని నీ ఉత్తరంలో అడిగావు. నాలుగు రోజులుగా నా మనసు దాని చుట్టూనే తిరుగుతున్నది.

పోయిన వారం బస్టాండు దగ్గర కాంట్రాక్టు కార్మికుల దీక్షా శిబిరానికి వెళ్లాను. చంద్రగిరి వైపు పల్లె నుంచి వచ్చిన ఒక పెద్దాయన ఎండుగడ్డి మంట వేసి పలకను, అంటే డప్పును, కాచి, వేలితో తట్టి చూసి, మళ్లీ కాచి, బిగువు కుదిరిందనుకున్నాక పాట ఎత్తుకున్నాడు. చేతికి వచ్చిన జీతమెంత, కోత పడినదెంత, ఆ కోతతో ఇంట్లో ఆగిపోయిన ఖర్చులేమిటి అనే లెక్కంతా పాటలోనే ఒప్పజెప్పాడు. నేను ఫోనులో రికార్డు చేయడం గమనించి, ‘సార్, ఇది మా ఇంటి టీవీలో వస్తుందా?’ అని అడిగాడు. ఆయన ఇంట్లో ఉన్నది నెలనెలా డబ్బు కట్టనక్కరలేని దూరదర్శన్ వారి డీడీ ఫ్రీ డిష్. నీ ప్రశ్నకు నా జవాబు అక్కడే దొరికింది.

‘మాకొద్దీ తెల్లదొరతనము’ అని రాసినందుకు గరిమెళ్ళ సత్యనారాయణ గారిని తెల్లవాళ్లు జైలులో పెట్టారు. ఈనాడు ఆ పాటను ఆగస్టు 15న ఏ ప్రభుత్వమైనా సంతోషంగా పాడిస్తుంది, ఎందుకంటే ఆ దొర వెళ్లిపోయాడు. తెలంగాణ పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన ‘బండెనక బండి కట్టి’ని ‘మా భూమి’ చిత్రంలో గద్దర్ పాడేనాటికి నిజాం పాలన కూడా లేదు. ఇప్పుడు కుర్చీలో ఉన్నవారిని నిలదీసే పాటకు చోటివ్వడమే కష్టమైన పని, ప్రజల సొమ్ముతో నడిచే టెలివిజన్ చేయవలసినదీ ఆ పనే.

అమెరికాలో నిరసన గీతాలు పాడిన జానపద గాయకుడు పీట్ సీగర్‌ను పెద్ద టీవీ చానెళ్లు ఏళ్ల తరబడి గడప తొక్కనివ్వలేదు. 1967లో సీబీఎస్ చానెల్‌లో వచ్చే స్మదర్స్ సోదరుల హాస్య కార్యక్రమానికి పిలిచినా, వియత్నాం యుద్ధాన్ని, దానిని నడిపిస్తున్న అధ్యక్షుణ్ణి తాకే ఆయన పాటను సీబీఎస్ కోసేసింది. విమర్శలు వచ్చాక 1968 ఫిబ్రవరిలో అదే కార్యక్రమంలో ఆయన దానిని పాడాడు. ప్రకటనల మీద బతికే సంస్థే అంతవరకు దిగివచ్చింది. మన దగ్గరైతే 1990లో పార్లమెంటు చట్టం చేసి, 1997లో ప్రసార భారతిని నెలకొల్పినది దూరదర్శన్‌ను, ఆకాశవాణిని సర్కారు చేతికింద నుంచి తప్పించడానికే కదా!

పెద్దాయన అనుమతితో ఆ పాటను విజయవాడలోని దూరదర్శన్ సప్తగిరి చానెల్‌కు పంపుతున్నాను. సాహిత్యం కూడా రాసి జతచేయాలి. రెండో చరణంలో జీతం కోత చెప్పేచోట పలక మోతలో ఒక పాదం మునిగిపోయింది. నీ చెవి నాకంటే చురుకైనది కనుక రికార్డు పంపుతున్నాను, ఆ పాదం పట్టుకుని రాసి పంపు.

నీ
శేఖర్