ఫిల్మ్ సొసైటీ వార్షిక నివేదిక: మూకీ సినిమాల్లో దైవం, పాపం, పరివర్తన

సభ్యులందరికీ నమస్కారం.

కిందటి సర్వసభ్య సమావేశంలో తీర్మానించినట్టే ఈ ఏడాది నెలవారీ ప్రదర్శనలన్నీ పై అంశం మీదే నడిపాం. మాటల్లేని సినిమాలైతే నిద్రొస్తుందని కొందరు అప్పుడే గొణిగారు. తీరా చూస్తే అన్నిటికంటే దిగులుపుట్టించే సినిమాకే హాలు నిండింది.

అది విక్టర్ షోస్ట్రోమ్ 1921లో తీసిన స్వీడిష్ చిత్రం 'ది ఫాంటమ్ క్యారేజ్'. డిసెంబరు 31 అర్ధరాత్రి గంట కొట్టేవేళ ఆఖరున పోయినవాడు ఏడాదంతా మృత్యువు బండి తోలాలి. ఆ వంతు డేవిడ్ హోమ్ అనే తాగుబోతుకు వస్తుంది. ఆ వేషం దర్శకుడిదే. చేత్తో తిప్పే కెమెరాలో ఒకే ఫిల్మును మళ్ళీ మళ్ళీ ఎక్స్‌పోజ్ చేసి, బండి గాజులా ఉండి దాని వెనకున్నవి కూడా కనిపించేలా తీశారు.

చర్చ మాత్రం ట్రిక్కుల దగ్గర ఆగలేదు, కోటు మీదికి మళ్ళింది. పేదలకు సేవచేసే క్రైస్తవ సంస్థ సాల్వేషన్ ఆర్మీలో సేవిక ఎడిత్ రాత్రంతా మేలుకొని అతని చిరిగిన కోటు కుడుతుంది. తెల్లారాక అతను ఆమె కళ్ళముందే ఆ అతుకులు పటపటా పీకేస్తాడు. ఆమెకు క్షయ అంటింది ఆ కోటు వల్లే. అయినా అతని కోసం ప్రార్థించడం మానదు. చివర్లో అతని కన్నీళ్ళు మరీ తొందరగా వచ్చాయని నా అభిప్రాయం. నమ్మడం కష్టంగా ఉందని భార్యే అంటుంది కదా, ఆ అనుమానం సినిమాలోనే ఉంది అని ఒక పెద్దాయన నన్ను గట్టిగానే నిలదీశారు.

మతద్రోహి అని సజీవంగా తగలబెట్టిన ఫ్రెంచి యువతి జోన్ ఆఫ్ ఆర్క్ మీద డెన్మార్క్ దర్శకుడు డ్రేయర్ తీసిన చిత్రం (1928) కూడా వేశాం. దాని అసలు నెగటివ్ కాలిపోయింది. 1981లో ఓస్లో దగ్గర ఒక మానసిక చికిత్సాలయంలో ప్రింటు దొరకబట్టి జోన్ వేషం వేసిన ఫాల్కొనెట్టి ముఖాన్ని ఇంత దగ్గరగా చూడగలిగాం.

మనవైపు సంగతికొస్తే, భారతీయ సినిమాకు ఆద్యుడైన దాదాసాహెబ్ ఫాల్కేకు సినిమా తీయాలనిపించింది బొంబాయిలో క్రీస్తు జీవితం తెరమీద చూశాకే. ఆయన 'కాళీయ మర్దన్' (1919)లో చిన్ని కృష్ణుడు ఆయన కూతురు మందాకిని. రఘుపతి వెంకయ్య గారి 'భీష్మ ప్రతిజ్ఞ' కూడా 1921 నాటిదే. వేద్దామంటే ప్రింటు మిగల్లేదు, దాని గురించి చెప్పుకోవడంతోనే సరిపెట్టుకున్నాం.

జమాఖర్చుల పట్టిక జతచేశాం. కొత్త ఏడాది మొదటి ప్రదర్శన మూర్నావ్ 'సన్‌రైజ్'. చందా బాకీ ఉన్నవాళ్ళు ఆలోగా కోశాధికారికి కట్టేయగలరు.

– కార్యదర్శి