కిరాయి ఎందుకు పెంచుతున్నాము, అర్ధరాత్రి లారీలు ఎందుకు ఆపుతున్నాము: మా ఖాతాదారులకు వివరణ

మా లారీలలో సరుకు పంపే వ్యాపారులకు, మిల్లుల యజమానులకు, కోల్డ్ స్టోరేజీల వారికి నమస్కారం.

వచ్చే నెల ఒకటో తేదీ నుంచి మా కిరాయిలు, సరుకు చేర్చే గడువులు మారుతున్నాయి. దూరాన్ని బట్టి కిరాయి 8 నుంచి 12 శాతం వరకు పెరుగుతుంది. దూర ప్రయాణాలకు అదనపు సమయం పడుతుంది. ఆర్‌సీలో రాసి ఉన్న బరువుకు మించి ఒక్క బస్తా కూడా ఎక్కించము. రాత్రి పన్నెండు గంటల నుంచి తెల్లవారుజామున ఐదు వరకు మా బండ్లు రోడ్డు మీద నడవవు. ఈ మార్పుల వల్ల కొందరు ఖాతాదారులు వేరే ట్రాన్స్‌పోర్టుకు వెళ్లవచ్చునని తెలుసు. అయినా ఎందుకు చేస్తున్నామో లెక్కలతో సహా మీ ముందు పెట్టడం మా బాధ్యత అనుకుంటున్నాము.

విజయవాడ ఆటోనగర్‌లో మాలాంటి చిన్న యజమానులే ఎక్కువ. దేశమంతటా పరిస్థితి ఇదే. లారీ యజమానులలో నాలుగింట మూడు వంతుల మందికి ఐదు లారీలకు మించి లేవని అంచనా. నీతి ఆయోగ్ 2022లో వెలువరించిన నివేదిక ప్రకారం దేశంలో ఏటా 460 కోట్ల టన్నుల సరుకు కదులుతుంది, అందులో దాదాపు 70 శాతం రోడ్డు మీదే వెళుతుంది. ఇంత పెద్ద వ్యవస్థ ఎంత సన్నని దారం మీద నడుస్తున్నదో 2024 జనవరి 2న అందరూ చూశారు. ప్రమాదం చేసి పారిపోయిన డ్రైవరుకు పదేళ్ల వరకు జైలుశిక్ష విధించే కొత్త నిబంధనకు నిరసనగా ట్యాంకర్ల డ్రైవర్లు బండ్లు ఆపితే, కొన్ని గంటల్లోనే హైదరాబాద్ పెట్రోలు బంకుల ముందు కిలోమీటర్ల బారులు తీరాయి. సంఘాలతో మాట్లాడిన తరువాతే ఆ నిబంధనను అమలు చేస్తామని కేంద్రం ఆ రాత్రే హామీ ఇవ్వవలసి వచ్చింది.

ముందుగా ఖర్చు సంగతి. మా 12 టైర్ల లారీ పూర్తి లోడుతో లీటరు డీజిలుకు నాలుగు కిలోమీటర్లు ఇస్తే మంచి మైలేజీ కింద లెక్క. విజయవాడ నుంచి హైదరాబాద్‌కు సుమారు 275 కిలోమీటర్లు కాబట్టి వెళ్లడానికి 70 లీటర్లకు దగ్గరగా పడుతుంది. 2024 మార్చిలో దేశమంతటా లీటరుకు 2 రూపాయలు తగ్గించిన తరువాత కూడా ఆంధ్రప్రదేశ్‌లో డీజిలు 97 రూపాయల దరిదాపుల్లోనే నిలిచింది. ఆ లెక్కన పోవడానికి డీజిలు ఖర్చే ఆరున్నర వేలు దాటుతుంది. రిటర్న్ లోడు దొరకకపోతే ఖాళీగా రావడానికి మరో నాలుగు వేల పైన అవుతుంది. పక్కనున్న కర్ణాటక, తమిళనాడులలో డీజిలు మనకన్నా చౌక. అక్కడి బండ్లు అక్కడి ట్యాంకు నింపుకొని వచ్చి మన దగ్గర లోడు ఎత్తుకుంటే, ఆ కిరాయితో మనం పోటీ పడడం కష్టం. రాష్ట్రంలో డీజిలు మీద వ్యాట్ 22.25 శాతం, దానికి తోడు లీటరుకు 4 రూపాయల అదనపు వ్యాట్, మరో రూపాయి రోడ్డు సెస్సు ఉన్నాయి. లారీ యజమానుల సంఘాలు ఏళ్ల తరబడి అడుగుతున్నది దీన్ని తగ్గించమనే.

తగ్గిన ఖర్చుల గురించి కూడా చెప్పాలి. 2025 సెప్టెంబరు 22 నుంచి లారీల మీద, టైర్ల మీద జీఎస్టీ 28 శాతం నుంచి 18 శాతానికి దిగింది. పన్నెండు టైర్లు మార్చే బండికి అది చిన్న మొత్తం కాదు. కిరాయి పెంపును 12 శాతం దగ్గర ఆపగలగడానికి అదీ ఒక కారణం. కానీ మా ఖర్చులో అన్నిటికన్నా పెద్ద వాటా అయిన డీజిలు జీఎస్టీ పరిధిలోనే లేదు. మిగిలినవి బండి తిరిగినా తిరగకపోయినా ఆగేవి కావు. 20 నుంచి 40 టన్నుల మధ్య బరువున్న లారీకి థర్డ్ పార్టీ బీమా ప్రీమియమే 2022 జూన్‌లో నిర్ణయించిన రేటు ప్రకారం ఏడాదికి 43,950 రూపాయలు, పన్ను అదనం. హైదరాబాద్ దారిలో చిల్లకల్లు, కొర్లపహాడ్, పంతంగి టోల్ ప్లాజాలు దాటాలి, టోలు రేట్లు ఏటా ఏప్రిల్‌లో సవరిస్తారు. వీటి మీద ఫైనాన్స్ కిస్తీ, ఫిట్‌నెస్, పర్మిట్, త్రైమాసిక పన్ను, డ్రైవరు జీతం, బత్తా.

ఈ పట్టికలో ఒక చిన్న యజమాని తన ఇష్టప్రకారం తగ్గించుకోగలిగినవి చాలా తక్కువ. డీజిలు బంకు బేరమాడదు, టోల్ గేటు వినిపించుకోదు, ఫైనాన్స్ కంపెనీ ఆగదు. కిరాయి తక్కువ చెప్పి కూడా బండి నడపాలంటే మిగిలే దారులు రెండే. బరువు ఎక్కువ వేయడం ఒకటి, ఒకే డ్రైవరు చేత ఎక్కువ గంటలు నడిపించడం రెండోది. మార్కెట్టులో వినబడే చాలా తక్కువ కిరాయిల వెనుక ఈ రెండింటిలో ఒకటి తప్పక ఉంటుందని వ్యాపారంలో ఉన్నవారందరికీ తెలుసు.

గంటల లెక్క ఒకసారి చూడండి. విజయవాడ నుంచి కలకత్తా 1,200 కిలోమీటర్లకు పైనే. లోడు లారీ ఊళ్లు, టోల్ గేట్లు, ఘాట్లు అన్నీ కలుపుకొని గంటకు సగటున 40 కిలోమీటర్లు నడుస్తుందనుకుంటే స్టీరింగు మీద ముప్పై గంటలు కూర్చోవాలి. సాయంత్రం బయలుదేరిన బండి మూడో రోజు ఉదయం కలకత్తాలో దిగాలని అడిగే పార్టీలు ఉన్నారు. అంటే ముప్పై ఆరు గంటల వ్యవధిలో ముప్పై గంటలు డ్రైవింగే. తిండికి, స్నానానికి, డీజిలుకు, నిద్రకు కలిపి మిగిలేది ఆరు గంటలు. రోజుకు ఎనిమిది గంటలు, వారానికి నలభై ఎనిమిది గంటలు అనే హద్దును 1961 నాటి మోటారు రవాణా కార్మికుల చట్టమే పెట్టింది. ఆ హద్దు ప్రకారం నడిస్తే ఒక్క డ్రైవరుతో కలకత్తాకు నాలుగు రోజులు పడుతుంది. సరుకుతో పాటు ఉండాల్సిన జీఎస్టీ పత్రమైన ఈ-వే బిల్లు సైతం 2021 జనవరి నుంచి 200 కిలోమీటర్లకు ఒక రోజు చొప్పున గడువు ఇస్తున్నది. అంటే ఆ దారికి చట్టప్రకారమే ఆరు రోజులకు పైగా సమయం ఉంది. మూడో రోజు గడువు బేరంలో పుట్టిందే తప్ప, ఏ కాగితంలోనూ లేదు.

నిద్ర గురించి మాకు ఆందోళన ఎందుకో చెబుతాను. లారీ గంటకు 80 కిలోమీటర్ల వేగంతో పోతుంటే సెకనుకు 22 మీటర్లు కదులుతుంది. నాలుగు సెకన్లు కునుకు పడితే దాదాపు 90 మీటర్లు ఆ బండిని ఎవరూ నడపడం లేదన్నమాట. ముప్పై టన్నులకు పైగా బరువు, ఎదురుగా బస్సు ఉందో, పంక్చరయి ఆగిన ట్రాక్టరు ఉందో తెలియదు. తెల్లవారుజామున రెండు నుంచి ఐదు మధ్య ఎంత అనుభవమున్న డ్రైవరుకైనా శరీరం మొరాయిస్తుంది. టీ, గుట్కా, పాటలు దాన్ని వాయిదా వేయగలవేమో గాని ఆపలేవు. మన రాష్ట్రంలో పోలీసులు హైవేల మీద ఆ వేళలో లారీలు ఆపి, డ్రైవర్ల చేత ముఖం కడిగించి, కాసేపు నిలబెట్టి పంపుతున్నారంటే ప్రమాదాలు ఏ సమయంలో జరుగుతున్నాయో వారికి తెలుసు కనుకనే. అది మంచి పని. అయితే ముఖం కడుక్కోవడం నిద్రకు బదులు కాదు.

కేంద్ర రవాణా శాఖ లెక్కల ప్రకారం 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల వల్ల 1,68,491 మంది చనిపోయారు. మరుసటి ఏడాది ఆ సంఖ్య 1.72 లక్షలు దాటింది. మొత్తం రోడ్ల పొడవులో జాతీయ రహదారుల వాటా దాదాపు రెండు శాతమే అయినా, 2022 మరణాలలో మూడింట ఒక వంతుకు పైగా వాటి మీదే జరిగాయి. మా బండ్లు తిరిగేది ఆ రోడ్ల మీదే. వార్తల్లో తరచుగా కనిపించే ‘ఆగి ఉన్న లారీని ఢీకొని’ అనే మాటను కూడా మేము తీవ్రంగా తీసుకుంటున్నాము. రాత్రి బండి ఆపమని డ్రైవరుకు చెప్పి, ఎక్కడ ఆపాలో చెప్పకపోతే అతను రోడ్డు వారనే ఆపుతాడు, అప్పుడు చావు ఇంకొకరి కారులోకి వస్తుంది. అందుకని ఏ దారిలో ఏ బంకు దగ్గర, ఏ డాబా దగ్గర లారీలు లోపలికి తీసి నిలిపే స్థలం ఉందో చూసి, డ్రైవర్లతో కలిసి పట్టిక తయారు చేశాము. పార్కింగు రుసుము, పడక ఖర్చు మేమే భరిస్తాము. కిరాయి పెంపులో కొంత భాగం పోయేది దీనికే.

ఇక బరువు. 2018లో కేంద్రం ఇరుసు బరువుల పరిమితిని ఇప్పటికే పెంచింది. రెండు ఇరుసుల లారీ మొత్తం బరువు 16.2 టన్నుల నుంచి 18.5 టన్నులకు పెరిగింది. మా 12 టైర్ల బండికి మొత్తం 35 టన్నుల పాసింగ్, అంటే అనుమతించిన బరువు, ఉంది. ఖాళీ బండి బరువు పోగా ఇరవై నాలుగు, ఇరవై ఐదు టన్నుల సరుకు పడుతుంది. ముప్పై వేయమని అడిగేవారికి మా సమాధానం ఇది. 2019 సెప్టెంబరు నుంచి అమలులో ఉన్న సవరణ చట్టం ప్రకారం అధిక బరువుకు 20,000 రూపాయలు, ఆపై ప్రతి అదనపు టన్నుకు 2,000 రూపాయల జరిమానా ఉంది. ఐదు టన్నులకు 30,000 అవుతుంది, పైగా ఎక్కువైన సరుకును అక్కడే దించి, దాని కోసం వేరే బండి చూసుకోవాలి. జరిమానా పడకపోయినా నష్టం తప్పదు. బ్రేకు వేసిన తరువాత బండి ఆగే దూరం పెరుగుతుంది, టైరు వేడెక్కి పేలుతుంది, ఎత్తుగా పేర్చిన బస్తాలతో మలుపులో బండి ఒరుగుతుంది. రోడ్డు సంగతికొస్తే, ఇరుసు మీద బరువు పది శాతం పెరిగితే రోడ్డుకు జరిగే నష్టం 46 శాతం దాకా పెరుగుతుందన్నది అమెరికాలో 1950ల చివర మొదలుపెట్టిన పరీక్షల నుంచి ఇంజినీర్లు వాడుతున్న లెక్క. ఆ గుంతలలో తిరిగి మా స్ప్రింగు పట్టీలే విరుగుతాయి.

చేపలు, రొయ్యల లోడ్ల గురించి విడిగా చెప్పాలి. కైకలూరు ప్రాంతం నుంచి హౌరా మార్కెట్టుకు ఐసులో వెళ్లే సరుకు దారిలో ఆగడానికి వీలు లేదు. దానికి ఇద్దరు డ్రైవర్లు, సరైన పడక ఉన్న క్యాబిన్ కావాలి. మా బండ్లకు ఆ ఏర్పాటు లేదు కాబట్టి ఆ లోడ్లు తీసుకోవడం మానుకుంటున్నాము. గుంటూరు మిర్చి టిక్కీలు (బస్తాలు), బియ్యం, సిమెంటు, పప్పులు, కాగితం వంటివి ఒకటి రెండు రోజులు ఆలస్యమైనా చెడేవి కావు. వాటి మీదే దృష్టి పెడతాము. ఒక ర్యాకు (పూర్తి గూడ్సు రైలు) నిండేంత సరుకు, వెయ్యి కిలోమీటర్లకు మించిన దూరం, తొందర లేని పని ఉన్నవారు రైలు రేటు కూడా కనుక్కోండి, చాలాసార్లు అదే చౌకగా పడుతుంది.

డ్రైవర్లు దొరకడం కష్టమవుతున్నది. రోడ్డు భద్రత కోసం పనిచేసే సేవ్‌లైఫ్ ఫౌండేషన్ 2020లో ప్రకటించిన సర్వేలో 84 శాతం లారీ డ్రైవర్లు తమ వారిని ఈ వృత్తిలోకి రమ్మని చెప్పబోమన్నారు. 2025 నుంచి కొత్తగా తయారయ్యే మధ్యరకం, భారీ లారీలకు ఏసీ క్యాబిన్ తప్పనిసరి చేయడం మంచి మార్పు. కానీ మా పాత బండ్లలో మే నెల మధ్యాహ్నం ఇంజను పక్కన కూర్చునే మనిషికి ఆ నిబంధన వర్తించదు. ఆ మనిషి నిలవాలంటే జీతం పెరగాలి, నెలకు కొన్ని రోజులైనా ఇంట్లో ఉండాలి. ఈ రెండూ కొత్త కిరాయిలో చేర్చాము.

మీ వైపు నుంచి మేము అడిగేవి కొన్ని ఉన్నాయి. గోడౌను ముందు బండి పెట్టిన తరువాత హమాలీలు రాలేదని, బిల్లు కాలేదని గంటల తరబడి నిలబెడితే, ఆ పోయిన సమయాన్ని డ్రైవరు రాత్రి రోడ్డు మీద పూడ్చుకోవాలని చూస్తాడు. లోడింగుకు ఆరు గంటలు, అన్‌లోడింగుకు ఆరు గంటలు ఉచితం. ఆపైన హాల్టింగ్ ఛార్జీ ఉంటుంది, అందులో సగం నేరుగా డ్రైవరుకే ఇస్తాము. డీజిలు మేము నగదుకు కొంటాము, కిరాయి బాకీ మాత్రం కొందరి దగ్గర మూడు నెలలు దాటుతున్నది. మాది ఉద్యమ్ రిజిస్ట్రేషన్ (చిన్న సంస్థలకు ప్రభుత్వం ఇచ్చే నమోదు) ఉన్న సంస్థ. చిన్న సంస్థలకు ఒప్పందం ఉన్నప్పటికీ 45 రోజులలోపు చెల్లించాలని 2006 నాటి చట్టం చెబుతున్నది. ఆ గడువు దాటి ఆర్థిక సంవత్సరం చివరికి బాకీగా మిగిలిన మొత్తాన్ని ఆ ఏడాది ఖర్చుగా చూపుకోనివ్వని ఆదాయపు పన్ను నిబంధన 2024 ఏప్రిల్ నుంచి వచ్చింది. మీ ఆడిటరును ఒకసారి అడగండి.

సరుకు బీమా గురించి చాలామందికి అపోహ ఉంది. లారీకి ఉన్న బీమా మీ సరుకుకు వర్తించదు. విలువ ముందుగా ప్రకటించి ఎక్కువ రేటుకు ఒప్పుకుంటే తప్ప, సరుకు పాడైనా, పోయినా రవాణాదారు బాధ్యత కిరాయికి పది రెట్లకే పరిమితమని రోడ్డు రవాణా నిబంధనలు చెబుతున్నాయి. అంటే 20,000 రూపాయల కిరాయికి 2 లక్షలు. మిర్చి లోడు విలువ దానికి ఎన్నో రెట్లు ఉంటుంది. దయచేసి ప్రయాణంలో ఉన్న సరుకుకు వర్తించే ట్రాన్సిట్ పాలసీ తీసుకోండి.

ఈ నెలాఖరులోపు బుక్ అయిన లోడ్లన్నీ పాత కిరాయికే వెళతాయి. కొత్త రేట్ల పట్టిక, ఊరివారీ గడువులు ఆఫీసులో ఉంచాము, అడిగినవారికి పంపుతాము. రాష్ట్రంలో డీజిలు రేటు లీటరుకు 3 రూపాయలకు మించి పెరిగినా, తగ్గినా కిరాయి ఆ మేరకు మారుతుంది, తగ్గినప్పుడు మీరు గుర్తు చేయనవసరం లేకుండా మేమే బిల్లులో తగ్గిస్తాము. ప్రతి లోడు కాటా చీటీని ఎల్‌ఆర్ (లారీ రసీదు)తో పాటు మీకు అందిస్తాము. ఈ షరతులు కుదరనివారు పదిహేనో తేదీలోపు చెబితే, లెక్కలు తేల్చి, మీ దగ్గర ఉన్న, సరుకు మీద కప్పే మా పట్టాలు, తాళ్లు వెనక్కి తెప్పించుకుంటాము.