వార్షిక నివేదిక: 111 జీవో, జంట జలాశయాలు, మన కాలనీ సంఘం పని

సభ్యులందరికీ నమస్కారం.

లెక్కలు ఆడిట్ అయ్యాయి, కాపీ నోటీసు బోర్డులో ఉంది. ఇంకుడు గుంతల పూడిక వానలకు ముందే తీయించాం. ఈ ఏడాది మన సమయం ఎక్కువగా 111 జీవోకే పోయింది కాబట్టి దాని గురించే వివరంగా రాస్తున్నాను.

1996 మార్చి 8న వచ్చిన ఆ జీవో హైదరాబాద్ జంట జలాశయాలైన ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్‌ల చుట్టూ 10 కిలోమీటర్ల పరిధిలోని 84 గ్రామాల్లో కాలుష్య పరిశ్రమలు, పెద్ద హోటళ్లు, కాలనీలు వద్దంది. శంషాబాద్ మండలంలో ఆముదం నుంచి రసాయనాలు తీసే ఒక ఫ్యాక్టరీకి కాలుష్య నియంత్రణ మండలి అనుమతి ఇవ్వకపోవడంతో ఆ వివాదం సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. అందులో కోర్టు ఇచ్చిన రెండు తీర్పులనూ మే నెల సమావేశాల్లో కూర్చుని చదివాం. ముప్పు లేదని నిరూపించాల్సింది ఫ్యాక్టరీ పెట్టేవాళ్లేనని 1999లో జస్టిస్ ఎం. జగన్నాథరావు తేల్చి చెప్పారు. ఆ ఒక్క ఫ్యాక్టరీకి ప్రభుత్వం ఇచ్చిన మినహాయింపు చెల్లదని 2000 డిసెంబరులో కోర్టు కొట్టేసింది.

2022 ఏప్రిల్‌లో 69వ నంబరు జీవోతో ప్రభుత్వం ఆ ఆంక్షలను ఎత్తేసింది. నగరం ఇప్పుడు తాగేది ఎక్కువగా కృష్ణా, గోదావరి నీళ్లే కదా అన్నది అందుకు చెప్పిన కారణం. ఈ వాదన నాకు మింగుడుపడదు. 1908 సెప్టెంబరులో మూసీ వరద నగరాన్ని ముంచెత్తాకే ఈ రెండు చెరువులూ కట్టారు. తాగునీటి కన్నా ముందు అవి వరదను ఆపడానికి పుట్టాయి. ఎగువ భూములన్నీ సిమెంటు అయితే వాన నీరు ఇంకదు, ఒక్కసారిగా వచ్చి పడుతుంది. అప్పుడు గేట్లు ఎత్తక తప్పదు, ముందు మునిగేది మూసీ ఒడ్డున ఉన్న పేదల ఇళ్లే.

జూలైలో ఒక ఆదివారం 14 మందిమి గ్రామ నక్షా పట్టుకుని, హిమాయత్‌సాగర్‌కు వచ్చే ఒక వాగు వెంట నడిచాం. నక్షాలో రెండు గీతల మధ్య వెడల్పుగా ఉన్న వాగు, కొత్త లేఅవుట్ రోడ్డు దగ్గర రెండడుగుల పైపులో దూరుతోంది. దాని మూతి దగ్గర ఇటుక ముక్కలు, సిమెంటు సంచులు. నీళ్లు పక్కకు తిరిగి టమాటా చేలో నిలిచాయి. ఆ చేను పెద్దాయన మమ్మల్ని చూసి, "మీ పట్నం నీళ్ల కోసం ఇన్నేండ్లు మా భూములకు తాళమేసిండ్రు సారూ, మాకేమిచ్చిండ్రు?" అన్నాడు. మాలో ఎవరికీ నోరు రాలేదు. ఆయన అడిగింది న్యాయమే. అయితే ఆ నష్టం తీర్చాల్సింది ఆ నీళ్లు తాగిన నగరం. అందుకు వాగును లేఅవుట్లకు వదిలేయడం పరిష్కారం కాదు. ఈ మాట మన తీర్మానంలో రాయించాం, ఏకగ్రీవంగా.

పైపు తీసి కల్వర్టు కట్టాలని అర్జీ ఇచ్చాం. అధికారులు వచ్చి కొలతలు తీసుకుని వెళ్లారు, పైపు అలాగే ఉంది. సమాచార హక్కు కింద ఆ వాగు సర్వే వివరాలు కూడా అడిగాం.

మొదటి పెద్ద వాన పడిన మర్నాడే మళ్లీ అక్కడికి వెళ్తున్నాం. పొద్దున 6 గంటలకు గేటు దగ్గర కలుద్దాం. ఎవరి దగ్గరైనా పొడవాటి కొలత టేపు ఉంటే తీసుకురండి.

ఇట్లు,
కార్యదర్శి