అది లొకేషన్ కాదండీ, సెట్టు

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ సినిమా పేజీలో వచ్చిన రివ్యూ గురించి ఈ ఉత్తరం. కథ అంతంతమాత్రమే గానీ పాత పెంకుటింటి లొకేషన్ మాత్రం భలే పట్టారని మీ సమీక్షకుడు రాశారు. అది లొకేషన్ కాదు. హైదరాబాద్‌లో ఒక స్టూడియో ఫ్లోర్‌లో వేసిన సెట్టు. గోడలు ప్లైవుడ్, దూలాలు థర్మోకోల్. నేను సెట్ పెయింటర్‌ని. మద్రాసులో పని నేర్చుకుని, పరిశ్రమతో పాటే ఇక్కడికి వచ్చినవాణ్ణి. ఆ ఇంటి ముందుగదికి రంగు వేసింది మా బ్యాచే.

సెట్టని ఎవరూ పోల్చుకోలేకపోతే మాకు సంతోషమే. బాధల్లా ఏంటంటే, రివ్యూ కింద బాక్సులో సంగీతం, కెమెరా, ఎడిటింగ్, చివరికి ఫైట్స్‌కి కూడా పేర్లున్నాయి. ఆ ఇంటిని ఊహించి, గీసి, కట్టించిన ప్రొడక్షన్ డిజైనర్ పేరు మాత్రం లేదు.

వయసులో మా అమ్మాయి కంటే చిన్నదైనా సెట్లో ఆవిణ్ణి మేమంతా మేడం అనే అంటాం. ఆర్కిటెక్చర్ చదివి, ఏళ్ల తరబడి ఇంకొకరి దగ్గర అసిస్టెంటుగా ప్లాన్లు గీసి, ఎస్టిమేట్లు రాసి పైకొచ్చింది. ఆ ముందుగది గోడకి మేం వెల్ల వేసి, పైన పొగచూరిన రంగు పట్టించబోతుంటే వచ్చి ఆపింది. "బాబాయ్, ఇక్కడ తాతగారి ఫోటో ఉండేది. పంపకాల్లో పెద్దకొడుకు పట్టుకుపోయాడు" అంది. స్క్రిప్టులో ఆ ఫోటో ఊసే లేదట. సరేనని అట్టముక్క కోసి మేకుకి తగిలించి, దాని చుట్టూ మసిరంగు కొట్టాం. అట్ట తీసేస్తే గోడ మీద ఫోటో సైజులో తెల్లటి జాగా మిగిలింది. స్విచ్ బోర్డు చుట్టూ జిడ్డు చేతి మరకలు, తలుపు వారన పిల్లల ఎత్తు కొలిచిన పెన్సిలు గీతలు కూడా ఆవిడ చెప్పినవే. డైరెక్టరుగారు వచ్చి చూసి, అన్నదమ్ముల గొడవ సీను ఆ గోడ ముందుకి మార్పించారు. మీ సమీక్షకుడికి సినిమా మొత్తంలో నచ్చిన సీను కూడా అదే!

డిజైనరంటే ఏసీ గదిలో బొమ్మలు గీయడం అనుకుంటారు. మేనేజరు ఎస్టిమేటు సగానికి కోసేస్తే, కెమెరా ఎటు తిరగదో కనుక్కుని ఆ వైపు గోడ మానేయాలి. ఫస్ట్ షాట్ టైముకి రంగు ఆరకపోతే మాటలు పడేది కూడా ఆవిడే. ఇంత టెన్షన్ పడి కట్టిన ఇంటిని షూటింగ్ అవగానే పీకేస్తారు, ఫ్లోరు ఇంకొకరికి ఇవ్వాలి కదా.

ఇదేం ఇప్పటి సంగతి కాదు లెండి. 1957లో వచ్చిన 'మాయాబజార్' కోసం ద్వారకను 50 బై 60 అడుగుల జాగాలో, సుమారు 300 బుల్లి ఇళ్లతో కట్టారు. కెమెరా మార్కస్ బార్ట్లే అని చాలామంది ఠక్కున చెబుతారు. కళ ఎవరిదంటే గోఖలే, కళాధర్ అని చెప్పేవాళ్లు ఎందరు? 2003లో వచ్చిన 'ఒక్కడు' కోసం ఊరవతల వేసిన చార్మినార్‌ని జనం వింతగా చెప్పుకున్నారు. ఆర్ట్ డైరెక్టర్ అశోక్ పేరు అంతగా వినపడలేదు. మచిలీపట్నంలో పుట్టిన ఆర్ట్ డైరెక్టర్ తోట తరణిగారికి రెండు జాతీయ అవార్డులు, 2001లో పద్మశ్రీ వచ్చాయి కాబట్టి ఆయన పేరైనా నలుగురికీ తెలుసు. పేరు రావాలంటే అందరికీ పద్మశ్రీ రావాలంటే ఎలాగండీ? అసలు పేపర్లలో మా పని గురించి వచ్చేదల్లా భారీ సెట్టు, ఇన్ని కోట్లు అని. మామూలు మధ్యతరగతి వంటగదిని నమ్మించడం రాజదర్బారు వేయడం కన్నా కష్టమని నా అభిప్రాయం. దర్బారు ఎవరూ చూడలేదు, వంటగది అందరికీ తెలుసు.

ఇకనుంచి ఆ బాక్సులో ఇంకొక్క లైను పెంచండి. ప్రొడక్షన్ డిజైన్ అన్న మాటకి చోటు చాలదనుకుంటే 'ఆర్ట్' అని వేసినా సరిపోతుంది. మేడం పేరు నేనిక్కడ రాయడం లేదు. ఆవిడకి ఇలాంటివి ఇష్టం ఉండవు, పైగా అది మీ పని. మొదటి టైటిల్స్‌లోనే వేశారు, మీ సమీక్షకుడు ఈసారి సినిమా మొదలవకముందే వెళ్లి కూర్చుంటే కనబడుతుంది.

ఇట్లు,
ఒక సెట్ పెయింటర్,
కృష్ణానగర్, హైదరాబాద్