టప్పుమనని ఆరో సీసా

ఒరేయ్,

నీ ఉత్తరం వచ్చి ఎన్నాళ్లయిందో లెక్క చూసుకోవాలంటేనే సిగ్గుగా ఉంది. తిట్టు, పడతాను. ఇంట్లో అందరం బాగున్నాం, నా మోకాలు నయం, ఉద్యోగం ఎప్పటిలాగే ఏడుస్తోంది. మిగతావి తర్వాత. ముందు ఇది విను.

నేను కూరగాయల రెలిష్ (అదే, తీపి-పులుపు పచ్చడి) చేసి సీసాల్లో సీలు వేశానురా! నవ్వుతున్నావని తెలుసు. "నీ చేతిలో గాజు నిలవదు" అని ఆ నాలుగో మెట్టు మీద నువ్వన్న మాట నేనింకా మర్చిపోలేదు.

కీరా, ఉల్లి, క్యాప్సికం, క్యాబేజీ సన్నగా తరిగి, ఉప్పు కలిపి రాత్రంతా ఉంచాను. పొద్దున చూస్తే గిన్నెలో సగం నీళ్లే! గట్టిగా పిండాను. అక్కడ బద్ధకిస్తే ఆ నీళ్లన్నీ వెనిగర్‌ని పలచన చేస్తాయి. తర్వాత వెనిగర్, పంచదార, ఆవాలు, పసుపు వేసి మరిగించి రుచి చూస్తే పులుపు నషాళానికి అంటింది. కొంచెం వెనిగర్ తీసేసి నీళ్లు పోద్దామా అని చెయ్యి పీకింది... ఆగాను. పులుపు తగ్గి పీహెచ్ (పులుపు తగ్గేకొద్దీ పెరిగే కొలత) 4.6 దాటిందంటే, గాలి లేని సీసాలో బొటులిజం అనే ప్రాణాంతకమైన జబ్బు తెచ్చే సూక్ష్మజీవి హాయిగా కాపురం పెడుతుందట. దాని బీజాలు మరిగే నీళ్లక్కూడా చావవు. వాసన చూసి కనిపెట్టేద్దామన్నా ఒక్కోసారి తెలియదు. అందుకే 5 శాతం ఆమ్లం ఉన్న వెనిగర్, కొలత ప్రకారం. పంచదార ఇంకాస్త వేస్తే సర్దుకుంది. నాకు ఇంత బుద్ధి ఎప్పుడొచ్చిందని అడగకు.

అసలు కథ ఇక్కడుంది. సీసాలు ఏడు. నింపేముందు సీసాలు వేడిచేసే గిన్నెలో ఆరే పట్టాయి, ఏడోది గట్టు మీద చల్లగా కూర్చుంది. ఒక్కటేగా, ఏమవుతుందిలే అనుకున్నాను. (ఈ మాట నేను ఇదివరకు ఎక్కడ అన్నానో నీకు తెలుసు. నోరు మూసుకో.) అన్నిట్లో అరంగుళం ఖాళీ వదిలి నింపి, గాలి బుడగలు తీసి, అంచులు తుడిచి, మూతలు మరీ బిగించకుండా తిప్పి, మరుగుతున్న నీళ్లలోకి దించాను. ఏడోది దిగీ దిగగానే 'టిక్' అంది. అడుగు ఊడి కిందే ఉండిపోయింది, పై భాగం నా పట్టకారుకి వేలాడుతోంది. కుండ నిండా పసుపు నీళ్లు, ఆవాల ఈతలు. నువ్వు గెలిచావు, సరేనా?

మిగతా ఆరూ మూతల పైదాకా నీళ్లలో మునిగి 10 నిమిషాలు మరిగాయి. తీసి గుడ్డ మీద పెట్టి, కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చున్నాను. లోపలిది చల్లబడి కుంచించుకుంటే మూత మధ్యభాగం లోపలికి లాక్కుంటుంది కదా, అప్పుడొచ్చే చప్పుడు కోసం. టప్! ఎగిరి గంతేశాను. కాసేపటికి టప్, టప్. అర్ధరాత్రికి అయిదు. ఆరోది మాత్రం మాట్లాడదే!

ఉండబట్టలేక వేలితో నొక్కాను. టప్పుమని లోపలికి పోయి అక్కడే ఉండిపోయింది. సంతోషం ఒక్క క్షణమే. దానంతట అది సీలు పడిందా, నేను నొక్కితే లొంగిందా? పూర్తిగా చల్లారేదాకా, అంటే 12 గంటలైనా, ముట్టుకోకూడదని నాకు తెలుసు. తెలిసే నొక్కాను. ఇక నిద్రెక్కడిది? పొద్దున ఇంట్లోవాళ్లంతా గట్టిగానే ఉందిగా అన్నారు. నాకు మాత్రం నమ్మకం కుదరలేదు. అయిదూ అల్మారాలోకి, ఆరోది ఫ్రిజ్‌లోకి. దాని మీద నీ పేరు రాశాను. త్వరగా వచ్చి తినెయ్యి, అది ఎక్కువకాలం దాచేది కాదు.

రంగెలా ఉందో చెప్పనేలేదు కదూ? లేత పసుపులో ఎర్ర క్యాప్సికం ముక్కలు, వెలుతురులో పెడితే... అరె, బయట హారన్ కొడుతున్నారు, నాకోసమే. వచ్చేటప్పుడు ఆ గొడుగు మాత్రం తేకు, దాని సంగతి ఇంట్లో ఇంకా చల్లార