ఆ దెయ్యాల పుస్తకాలు అద్దెకిచ్చేది నేనే

ఎడిటర్ గారికి నమస్కారం.

జపాన్ దెయ్యాల బొమ్మల పుస్తకాలు చదివి పిల్లలు పాడైపోతున్నారని, అమ్మేవాళ్ళనీ అద్దెకిచ్చేవాళ్ళనీ కట్టడి చేయాలని మీ పేజీలో ఒక తండ్రి గారు రాశారు. అక్కయ్యపాలెంలో నాది అద్దె పుస్తకాల షాపు. వీక్లీల్లో సీరియళ్ళు ఒక వెలుగు వెలిగిన రోజుల్లో మా ఆయన పెట్టారు. అప్పట్లో చేతబడి నవలల కోసం మా గుమ్మం ముందు ఎగబడినవాళ్ళే ఇప్పుడు తాతలు, అమ్మమ్మలు అయ్యారు. మనవల చేతిలో మాంగా, అంటే ఆ జపాన్ బొమ్మల పుస్తకాలు, చూసి "ఏటమ్మా ఈ దెయ్యాల గోల" అని నన్నే నిలదీస్తున్నారు. నవ్వొస్తుంది గానీ పాత కస్టమర్లు కదా, పైకి నవ్వను.

నేను చదవకుండా ఏదీ అద్దెకివ్వను. పిల్లలు ఎక్కువగా అడిగేవాటిలో యుకి మిడోరికవా గారి 'నత్సుమేస్ బుక్ ఆఫ్ ఫ్రెండ్స్' ఒకటి. 2003లో మొదలైంది. అమ్మా నాన్నా లేని కుర్రాడు నత్సుమే. యోకాయ్‌లు, అంటే అక్కడి భూతప్రేతాల్లాంటివి, వాడి కంటికి కనిపిస్తాయి. పిచ్చివాడనో అబద్ధాలకోరనో ఒక్కో చుట్టం కొన్నాళ్ళు ఉంచుకుని ఇంకొకరింటికి తోసేస్తారు. చివరికి పిల్లల్లేని దంపతులు చేరదీస్తే, ఆ పెద్దావిడ కంగారుపడుతుందని తనకి కనిపించేది నోరు విప్పి చెప్పడు. నత్సుమే అమ్మమ్మ రేకో పందేల్లో ఓడించిన యోకాయ్‌ల పేర్లన్నీ ఒక పుస్తకంలో రాయించుకుని పోయింది. వీడు ఆ పేర్లు ఒక్కొక్కటే తిరిగి ఇచ్చేస్తుంటాడు.

మొదట్లోనే ఒక చిన్న దేవుడి కథ ఉంటుంది. ఊళ్ళో కొలిచేవాళ్ళు తగ్గేకొద్దీ ఆయనా చిక్కిపోయి అరచేతిలో పట్టేంత అవుతాడు. గుడికి వచ్చేది ఇక ఒకే ఒక్క ముసలావిడ. పడుచు వయసు నుంచీ ఆవిడ వచ్చి దండం పెట్టుకోవడం ఆయన చూస్తూనే ఉన్నాడు. ఆవిడ పోయిన రోజు ఆయనా మాయమైపోతాడు, అదీ సంతోషంగా. పెదవాల్తేరు కరకచెట్టు పోలమాంబకి మొక్కుకునే ఊరు మనది. ఈ కథలో పిల్లల్ని చెడగొట్టేది ఏముందో నాకైతే అర్థం కాలేదు.

ప్రేమ గొడవల సంగతీ ఆ తండ్రి గారు ఎత్తారు. ఉన్నాయి, కాదనను. రుమికో తకహాషి గారి 'ఇనుయాషా' 1996 నుంచి 2008 దాకా సాగి 56 పుస్తకాలైంది. ఇనుయాషా తండ్రి కుక్క జాతి రాక్షసుడు, తల్లి మనిషి. అటువాళ్ళూ ఇటువాళ్ళూ కలుపుకోరు. ఇంకొకడు వీడి రూపం, వీడు ప్రేమించిన కిక్యో రూపం వేసుకొచ్చి ఇద్దర్నీ మోసం చేస్తే, ఆవిడ బాణం వేసి వీణ్ణి చెట్టుకి బిగించేసి తనూ చనిపోతుంది. ఆవిడే కగోమెగా మళ్ళీ పుడుతుంది. మన పునర్జన్మ సినిమాల్లో అయితే పాతావిడ పని అంతటితో సరి. ఇక్కడ ఆవిడ అస్థికలూ సమాధి మట్టీ కలిపి బొమ్మ చేస్తే, అందులోంచి లేచి వచ్చేస్తుంది! ఒకే ఆత్మ పంచుకున్న ఇద్దరి మధ్య వాడు పడే అవస్థ సీరియల్ రచయితలెవరికీ తట్టలేదేమో.

'ఫ్రూట్స్ బాస్కెట్' (1998-2006) అయితే అచ్చంగా ఇంటి కథ. అందులో ఒక వంశంలో శాపం తగిలినవాళ్ళని ఆడవాళ్ళైతే మగవాళ్ళు, మగవాళ్ళైతే ఆడవాళ్ళు కౌగిలించుకుంటే చాలు, ఎలుకగానో పిల్లిగానో మారిపోతారు. అంతకన్నా భయపెట్టేది అకితో అనే ఇంటిపెద్ద పెత్తనం.

అన్నీ అందరికీ కావు, అదీ నిజమే. జపాన్‌లో చిన్నవాళ్ళకీ పెద్దవాళ్ళకీ మాంగా పత్రికలు వేరుగా ఉంటాయి. ఇంగ్లీషులో వచ్చే చాలా పుస్తకాల మీద ఏ వయసువాళ్ళకో టీన్, మెచ్యూర్ అని ముద్ర ఉంటుంది. మెచ్యూర్ అన్నవి నా పై అరలో ఉంటాయి, స్కూలు పిల్లలకివ్వను. నెత్తురు కోసమే నెత్తురు పారించే కొన్నిటిని తెప్పించడమే మానేశాను. తల్లిదండ్రులు అట్ట తిప్పి ఆ ముద్ర చూస్తే సగం గొడవ ఉండదు.

ఇప్పుడు నా గొడవ. నత్సుమే పుస్తకం ఒకటి కిందటి నెల ఒక స్కూల్లో తొమ్మిదో తరగతి అమ్మాయి బ్యాగులోంచి లాక్కున్నారు. క్లాసు జరుగుతుంటే చదివిందంటే తప్పే, తిట్టండి. అది ఇంటర్వెల్‌లో చదువుకుంటోందట. లోపల ఒక్క పేజీ తిప్పకుండానే "దెయ్యాల పుస్తకం" అని బీరువాలో పెట్టేశారట. సెట్టులో మధ్యది పోతే తర్వాతవి ఎవరూ తీసుకోరు, దుమ్ము పట్టాల్సిందే. ఆ పిల్ల డిపాజిట్ నేను పట్టుకోలేదు. ఆ స్కూలుకి మీ పత్రిక వెళ్తుందని తెలిసి రాస్తున్నాను. స్టాఫ్ రూములో అందరూ చదివాకే పంపించండి, ఫర్వాలేదు. లేటు ఫీజు అడగను.

ఇట్లు,
అద్దె పుస్తకాల షాపావిడ,
అక్కయ్యపాలెం, విశాఖపట్నం